కొంటా దాటి చింతల్‌నార్ దారిలో

మా ఊరు భద్రాచలానికి దగ్గర్లో, గోదావరి ఒడ్డున ఉంటుంది. ఫిబ్రవరి వచ్చిందంటే మిరప చేలల్లో కోతలు మొదలవుతాయి. ఛత్తీస్‌గఢ్ నుంచి ఆదివాసీలు ఆటోల్లో, ట్రాక్టర్లలో, కొందరు కాలినడకన వస్తారు. చేను గట్టునే టార్పాలిన్ పట్టాలతో గుడిసెలు వేసుకుని, కోతలు అయ్యేదాకా ఉంటారు. మా నాన్న వాళ్ళను ‘అవతలి కూలీలు’ అనేవాడు. ఎంతమంది వచ్చారు, కూలి ఎంత అని తప్ప, మీదే ఊరు, అక్కడ ఏం జరిగింది అని మా ఇంట్లో ఎవరూ అడిగింది లేదు. నేను బడిపంతుల్ని. నేనూ అడగలేదు.

అలా వచ్చినవాళ్ళలో ఒక కుటుంబం ఇక్కడే ఉండిపోయింది. అప్పుడు, అంటే 2006లో, వాళ్ళ పిల్లవాడికి ఎనిమిదేళ్ళు. ఇప్పుడు అతనికే ఇద్దరు పిల్లలు. 2022 నవంబరులో చండ్రుగొండ మండలం ఎర్రబోడు దగ్గర పోడు భూమి గొడవలో ఒక అటవీ రేంజ్ అధికారిని చంపేశారు. చాలా ఘోరం. నిందితులు గుత్తికోయలు, అంటే ఇలాగే ఛత్తీస్‌గఢ్ నుంచి వచ్చి ఇక్కడ ఉండిపోయిన కోయలు. ఆ తర్వాత అక్కడి పంచాయతీ గుత్తికోయలంతా వెళ్ళిపోవాలని తీర్మానం చేసింది. ఆ వేడి మా వైపూ తగిలింది. ఎక్కడివాళ్ళు, కాగితం ఏది అని అడగడం ఎక్కువైంది. అవతల వాళ్ళు ఎస్టీలే. నది దాటి వచ్చినవాళ్ళకు ఇక్కడ ఆ గుర్తింపు లేదు.

“సార్, మా ఊరి బడిలో నా పేరు రాశారు. ఆ కాగితం దొరికితే చాలు. నువ్వు వస్తావా?” అన్నాడు, ఆ కుటుంబంలోని కుర్రాడు. కోయవాళ్ళు ఎవర్నైనా నువ్వనే అంటారు. ఆ పిలుపులో నాకు ఎప్పుడూ చనువే వినిపిస్తుంది.

2023 మార్చిలో ఒక శనివారం నా బైకు మీద బయల్దేరాం. నెల్లిపాక, చట్టి దాటితే ఛత్తీస్‌గఢ్‌లోని కొంటా. పక్కనే శబరి నది, కాస్త కిందికి వెళితే అవతల ఒడిశాలోని మోటు. కొంటా కొట్లలో తెలుగే మాట్లాడుతున్నారు. చెట్టూ పుట్టా అవే. రాష్ట్రం మారిందని బోర్డు చూసి తెలుసుకోవాలి తప్ప మరో గుర్తు లేదు. ఈ దారినే, ఈ అడవినే నమ్ముకుని 1980లో పీపుల్స్‌వార్ నక్సలైట్ల దళాలు గోదావరి దాటి బస్తర్‌లోకి వెళ్ళాయి. వెళ్ళినవాళ్ళలో ఎక్కువమంది మన తెలుగు కుర్రాళ్ళే. తునికాకు కట్ట రేటు పెంచమని కాంట్రాక్టర్లతో కొట్లాడారు, ఫారెస్టు గార్డుల దౌర్జన్యాన్ని ఆపారు. జనం వాళ్ళను దాదాలు అన్నారు. దాదా అంటే అన్న. తర్వాత అదే దాదాలు ప్రజాకోర్టు పెట్టి, ఇన్ఫార్మర్ అని ఊరివాణ్ణే ఊరి ముందు చంపిన రోజులూ వచ్చాయి. ఈ రెండూ ఒకే ఊళ్ళో, ఒకే మనుషుల మీద జరిగాయి. ఒకటి చెప్పి రెండోది దాచేవాళ్ళను నేను రెండు పక్షాల్లోనూ చూశాను. వాళ్ళ మీద నాకు కోపం.

కొంటా నుంచి దోర్నపాల్ సుమారు 40 కిలోమీటర్లు. మధ్యలో ఇంజరం, ఎర్రబోరు. ఈ మూడు పేర్లూ సల్వాజుడుం శిబిరాల పేర్లు. 2005లో మావోయిస్టులకు వ్యతిరేకంగా జుడుం మొదలైంది. కాంగ్రెస్ నాయకుడు మహేంద్ర కర్మ ముందు నిలబడ్డాడు, ప్రభుత్వం వెనక నిలబడింది. ఊళ్ళు ఖాళీ చేసి రోడ్డు పక్క శిబిరాలకు రమ్మన్నారు. రానివాళ్ళు నక్సలైట్లు. వస్తే మావోయిస్టులకు ద్రోహులు. 2006 జులైలో ఎర్రబోరు శిబిరం మీద రాత్రిపూట మావోయిస్టులు దాడి చేసి 30 మందికి పైగా చంపారు. శిబిరంలో ఉన్నవాళ్ళూ ఆదివాసీలే.

నాతో వచ్చిన అతని ఇల్లు కూడా అలాగే చీలింది. పెద్దనాన్న దోర్నపాల్ శిబిరానికి వెళ్ళి ఎస్‌పీవో, అంటే ప్రత్యేక పోలీసు అధికారి, అయ్యాడు. నెలకు 1,500 రూపాయలు, ఒక తుపాకీ. నాన్న మాత్రం పెళ్ళాం పిల్లలతో అడవిలోకి వెళ్ళి, రాత్రుళ్ళు నడిచి గోదావరి ఒడ్డుకు చేరాడు. అన్నదమ్ములు మళ్ళీ కలుసుకోలేదు.

ఈ దారిలో నన్ను అన్నిటికంటే ఆపింది రాళ్ళు. చనిపోయినవాళ్ళ పేరున ఆదివాసీలు ఊరి బయట నిలువు రాయి పాతుతారు. అది ఎప్పటినుంచో ఉన్న ఆచారం. వాటి పక్కనే ఇప్పుడు రంగులు వేసిన సిమెంటు బొమ్మలు కనిపిస్తాయి. పోలీసు యూనిఫారం, చేతిలో తుపాకీ. కొడుకునో భర్తనో పోగొట్టుకున్న ఇంటివాళ్ళు కట్టించుకున్నవి. ఇంకొంచెం లోపలికి వెళితే మావోయిస్టుల ఎర్ర స్తూపాలు. వాటిలో చాలావాటిని బలగాలు పడగొట్టాయి. సగం విరిగిన ఒక స్తూపం మీద పేర్లు చదవడానికి వంగాను. ఎండకు, వానకు అక్షరాలు పోయాయి. అతను బైకు దిగలేదు. దోర్నపాల్ దగ్గర ఒక బొమ్మ ముందు మాత్రం దిగాడు. అది వాళ్ళ పెద్దనాన్నది. మందుపాతర పేలి పోయాడట. “మొహం ఇలా ఉండేది కాదు” అని ఒక్క మాట అని, బొమ్మ పాదాల దగ్గర ఎండుటాకులు తీసేశాడు.

ఆ రాత్రి దోర్నపాల్‌లో తెలిసినవాళ్ళ ఇంట్లో పడుకున్నాం. శిబిరం ఇప్పుడు కాలనీలా ఉంది. ఊళ్ళకు తిరిగి వెళ్ళనివాళ్ళు చాలామంది అక్కడే స్థిరపడ్డారు. ఇలా కుర్రాళ్ళకు తుపాకులిచ్చి ముందు నిలబెట్టడం రాజ్యాంగ విరుద్ధమని 2011 జులై 5న సుప్రీంకోర్టు చెప్పింది. ఆ తీర్పు ఇచ్చిన ఇద్దరిలో ఒకరు జస్టిస్ బి.సుదర్శన్‌రెడ్డి, మన తెలుగువారు. బడిలో పిల్లలకు ఆయన పేరు చెప్పాలని చాలాసార్లు అనుకున్నాను. తీర్పు తర్వాత ఆ కుర్రాళ్ళలో చాలామందిని వేరే పేరుతో మళ్ళీ పోలీసు బలగాల్లోకే తీసుకున్నారు. ఆ సంగతీ చెప్పాలి. మహేంద్ర కర్మను 2013 మే 25న ఝీరం ఘాటీలో మావోయిస్టులు చంపారు. ఆ ఒక్క దాడిలో పాతికమందికి పైగా పోయారు.

ఆదివారం తెల్లవారుజామున జగర్‌గుండా రోడ్డు ఎక్కాం. ఈ యాభై అయిదారు కిలోమీటర్ల రోడ్డు వేయడానికి ఏళ్ళు పట్టింది. కాసేపటికొక క్యాంపు: ఇసుక బస్తాలు, ముళ్ళకంచె, ఎత్తుగా కావలి మంచె. బుర్కాపాల్ దగ్గర 2017 ఏప్రిల్ 24న రోడ్డు పనికి కాపలా ఉన్న సీఆర్పీఎఫ్ జవాన్లను 25 మందిని మావోయిస్టులు చంపారు. ఆ కేసులో పట్టుకెళ్ళిన 121 మంది ఆదివాసీలను 2022 జులైలో కోర్టు నిర్దోషులని వదిలేసింది. అయిదేళ్ళు జైల్లో గడిచాక. ఇంకా ముందుకు వెళితే తాడ్‌మెట్ల వైపు దారి. 2010 ఏప్రిల్ 6న 76 మంది జవాన్లు చనిపోయింది అక్కడే. మరుసటి ఏడాది మార్చిలో తాడ్‌మెట్ల, మోర్‌పల్లి, తిమ్మాపురం ఊళ్ళలో సుమారు 250 ఇళ్ళు కాలిపోయాయి. తాడ్‌మెట్ల కేసులో ఎస్‌పీవోల మీద సీబీఐ చార్జిషీటు వేసింది.

ఒక క్యాంపు ముందు ఆపారు. నా ఆధార్ చూసిన జవాను తెలుగులోకి మారిపోయాడు. “మాది విజయనగరం సార్. తారు మీదే వెళ్ళండి. మూత్రానికి కూడా పక్కకు దిగొద్దు. మట్టి కింద ఏముందో మాకే తెలీదు” అన్నాడు. సెలవు దొరికి ఇంటికి వెళ్ళి ఎన్నాళ్ళయిందో అడిగాను. నవ్వి ఊరుకున్నాడు. అతనికి ఇరవై మూడో ఇరవై నాలుగో ఉంటాయి. నా దగ్గర పదో తరగతి చదివి వెళ్ళిన పిల్లలు గుర్తొచ్చారు. అక్కడి నుంచి ఊరు చేరేదాకా నాకు ఒకటే టెన్షన్.

చింతల్‌నార్ ముందే రోడ్డు వదిలి, మనుషులు నడిచిన కాలిబాట మీదే బైకు పోనిచ్చాం. నార్ అంటే గోండిలో ఊరు. ఎదురైనవాళ్ళు పలకరించే ముందు మమ్మల్ని తేరిపార చూస్తున్నారు. పోలీసులా, ‘లోపలి వాళ్ళా’ అని.

బడి ఉన్నచోట ఇటుకల గుట్ట ఉంది. పోలీసులు క్యాంపు పెట్టుకుంటారని దాదాలు కూల్చేశారు. ఇలా ఈ జిల్లాలో ఎన్నో బళ్ళు పోయాయి. కొన్నిచోట్ల బలగాలు నిజంగానే బళ్ళలో మకాం వేశాయి. జగర్‌గుండాలో 2006లో మూతపడ్డ బడి 2019లో మళ్ళీ తెరుచుకుంది. 13 ఏళ్ళంటే ఒక తరం పిల్లలు పలక పట్టకుండానే పెద్దవాళ్ళయ్యారు. ఆ ఇటుకల దగ్గర నేను చాలాసేపు నిలబడిపోయాను. పంతులుకు అంతకంటే పెద్ద శ్మశానం ఏముంటుంది? రిజిస్టర్ సంగతి అడిగితే ఒక ముసలాయన చేత్తో గాలిలోకి చూపించాడు.

అప్పుడే ఎవరో వెళ్ళి అతని పెద్దమ్మను పిలుచుకొచ్చారు. శిబిరం వదిలి ఆమె కొన్నేళ్ళ కిందటే ఊరికి తిరిగొచ్చింది. ఇప్పపువ్వు ఏరుకునే కాలం. చెట్ల కింద ఆకులు కాల్చి నేల శుభ్రం చేసి పెట్టుకుంటారు, తెల్లారగట్ల రాలిన పువ్వు ఏరుకుంటారు. ఆమె చేతిలో గంప ఉంది. అతన్ని చూసి ఏడవలేదు. చేయి పట్టుకుని ఒక చెట్టు దగ్గరికి తీసుకెళ్ళింది. అడవిలో ఇప్పచెట్టు ఎవరిది ఎవరిదో ఊరంతటికీ తెలుసు. ఒకరి చెట్టు కింద ఇంకొకరు ఏరరు. ఆమె కోయలో ఏదో అంది. అతను నాకు తెలుగులో చెప్పడానికి కాస్త సమయం తీసుకున్నాడు. “ఇది మీ నాన్నది. మీరు లేరని నేను ఏరుతున్నా. నీ వాటా తీసుకో అంటోంది.”

గంపలో సగం కొలిచి అతని తువ్వాలులో పోసింది.

తిరిగొచ్చేటప్పుడు కొంటా దగ్గర తనిఖీలో ఆ మూట విప్పించారు. వాసన చూసి వదిలేశారు. ఇంటికొచ్చాక అప్లికేషన్ నేనే రాసిచ్చాను. పుట్టిన ఊరు రాశాను, తండ్రి పేరు రాశాను. ఆధారం అన్నచోట రాయడానికి ఏమీ దొరకలేదు.

ఆ తర్వాత చాలా జరిగింది. 2025 మే 21న నారాయణపూర్ జిల్లా అడవిలో మావోయిస్టు పార్టీ ప్రధాన కార్యదర్శి నంబాల కేశవరావు ఎదురుకాల్పుల్లో చనిపోయారు. ఆయనది శ్రీకాకుళం జిల్లా జియ్యన్నపేట. అదే ఏడాది నవంబరు 18న మావోయిస్టు కమాండర్ హిడ్మా మన మారేడుమిల్లి అడవిలో చనిపోయాడు. అతనిది సుక్మా జిల్లా పూవర్తి. మన ఊరివాడు వాళ్ళ అడవిలో, వాళ్ళ ఊరివాడు మన అడవిలో. ఆ రోజు టీవీ చూస్తూ మా వాడు ఏమీ మాట్లాడలేదు. పిల్లను బడికి దింపి చేనుకు వెళ్ళిపోయాడు. ఆ పిల్ల ఇప్పుడు మా బళ్ళోనే మూడో తరగతి.

కాగితం ఇంకా రాలేదు. మిరప కోతలకు వచ్చేవాళ్ళ చేత పెద్దమ్మ ఏటా ఎండిన ఇప్పపువ్వు పంపుతోంది.