బెల్ఫోర్‌కు బదులు ఒక కవాతు

ప్యారిస్‌లోని విజయ తోరణం ఆర్క్ ద త్రియోంఫ్ దగ్గరకు భూగర్భ మార్గంలోంచి వెళ్లాను. చుట్టూ పన్నెండు రోడ్లు కలిసే చోటు. వాహనాల ప్రవాహం ఆగేది కాదు. మెట్లెక్కి బయటకు రాగానే 50 మీటర్ల తోరణం నెత్తిమీద నిలబడి ఉంది. పైన చెక్కిన యుద్ధాల పేర్లు ఒక్కొక్కటే చదువుతూ ‘యేనా’ దగ్గర ఆగాను. 1806లో నెపోలియన్ జర్మన్ రాజ్యమైన ప్రష్యాను చిత్తు చేసిన చోటది. ఆ అక్టోబరు 27న అతడు బెర్లిన్‌లో బ్రాండెన్‌బర్గ్ గేటు గుండా ఊరేగి, గేటు మీది నాలుగు గుర్రాల రథాన్ని ప్యారిస్‌కు తరలించాడు. ఈ తోరణం కట్టించమని ఆజ్ఞ ఇచ్చిందీ ఆ ఏడాదే. రథం 1814లో బెర్లిన్‌కు తిరిగి వెళ్లిపోయింది. ప్రష్యన్ల అవమానం మాత్రం అంత తొందరగా చల్లారలేదు.

నేను వచ్చింది 1871 మార్చి 1 కోసం. ఫ్రాన్స్‌తో యుద్ధంలో ప్రష్యా నడిపిన జర్మన్ సైన్యాలు చుట్టుముట్టగా, నాలుగు నెలలు ముట్టడిలో మాడి ప్యారిస్ లొంగిపోయింది. సంధి చర్చల్లో ఫ్రెంచి ప్రభుత్వాధినేత తియేర్ సరిహద్దు పట్టణం బెల్ఫోర్‌ను వదులుకోనని పట్టుబట్టాడు. అయితే మా సైన్యం ప్యారిస్‌లో కవాతు చేయాలి, ఏది కావాలో తేల్చుకోమన్నాడు ప్రష్యా ప్రధాని బిస్మార్క్. తియేర్ ఊరినే ఎంచుకున్నాడు. సరిహద్దు ప్రాంతాలైన అల్సాస్, లొరేన్‌లో కొంత భాగం, 500 కోట్ల ఫ్రాంకులు ఎలాగూ పోయాయి; బెల్ఫోర్ ఒక్కటి దక్కింది. ఆ నిర్ణయాన్ని తలచుకున్నప్పుడల్లా నాకు గుండె బరువెక్కుతుంది. రాజధాని తలవంచుకుంటే ఒక ఊరి జనం తమ దేశంలోనే మిగిలిపోయారు.

తోరణం నుంచి షాన్జ్ ఎలీజే వీధి పల్లంగా దిగుతుంది. దాదాపు రెండు కిలోమీటర్లు. ఆ దారినే నడిచాను. ఆ రోజు సుమారు 30,000 మంది జర్మన్ సైనికులు ఇటే దిగారు. దుకాణాలు మూసేశారు, కిటికీలకు నల్లజెండాలు కట్టారు. చప్పట్లు కొట్టేవారు లేని వీధిలో, బూట్ల చప్పుడు తమకే వినిపిస్తుండగా నడవడం ఎలా ఉండి ఉంటుంది? ఇప్పుడు ఇరువైపులా చెట్లు, అద్దాల దుకాణాలు, ఫొటోలు దిగే జంటలు. ఆ కవాతు గుర్తు ఒక్కటైనా దొరుకుతుందేమోనని వెతుక్కుంటూ వెళ్లాను. కనిపించలేదు.

కాంకోర్డ్ కూడలిలో దొరికింది. అక్కడ ఫ్రాన్స్ నగరాలకు ప్రతీకలుగా ఎనిమిది స్త్రీ విగ్రహాలున్నాయి. ఆ రోజు ప్యారిస్ వాళ్లు వాటి ముఖాలకు నల్లగుడ్డ కప్పారు, శత్రువు నడకను అవి చూడకూడదని. వాటిలో అల్సాస్‌లోని స్ట్రాస్‌బూర్ నగరం విగ్రహం ముందు చాలాసేపు నిలబడ్డాను. నగరం చేజారాక 1918 దాకా జనం ఈమె పాదాల దగ్గర పూలదండలు పెడుతూనే ఉన్నారు, ఇంట్లో పోయిన మనిషికి పెట్టినట్టు. ఇప్పుడు దండలు లేవు. రాతి మడతల్లో దుమ్ము, భుజం మీద ఒక పావురం.

బోర్డోలోని జాతీయసభ మార్చి 1నే సంధిని ఆమోదించడంతో 3వ తేదీన సైన్యం వెళ్లిపోవలసి వచ్చింది. డెబ్బై ఏళ్లు తిరగకముందే, 1940 జూన్ 14న, ఇదే వీధిలోకి మళ్లీ జర్మన్ సైన్యం దిగింది. ఈసారి నాలుగేళ్లకు పైగా ఉంది.

సాయంత్రం మెట్రోలో దాన్‌ఫేర్ రోష్రో కూడలికి వెళ్లాను. బెల్ఫోర్‌ను ముట్టడిలో చివరిదాకా కాపాడిన సేనాని పేరే ఆ కూడలికి పెట్టారు. మధ్యలో రాగిరేకుతో చేసిన సింహం. అమెరికాలోని స్వేచ్ఛా విగ్రహాన్ని చెక్కిన బార్తోల్దిదే ఇదీ. గాయపడి ఒరిగిన సింహం కాదు, ముందుకాళ్ల మీద లేచి కూర్చున్నది. అసలు విగ్రహం బెల్ఫోర్ కోట కింద, ఎర్ర ఇసుకరాతిలో, 22 మీటర్ల పొడవుతో ఉంది. ఇది దానికి మూడో వంతు.

మర్నాడు ఉదయం బెల్ఫోర్ వెళ్లే రైలెక్కాను.