పదమూడో నంబరు ఇల్లు

సౌత్‌పోర్ట్‌లో సముద్రం లేదు. మ్యాపులో నీలంగానే వేశారు, ఊరి పేరులో పోర్టు కూడా ఉంది. స్టేషన్ నుంచి కాస్త నడిస్తే కట్ట మీదికి చేరతాం. తీరా చేరాక కనుచూపు మేర ఇసుక, బురద, ఒక పక్క గడ్డి. కుక్కను తిప్పుతున్న ఒక పెద్దాయన్ని "సముద్రం ఎటండీ?" అని అడిగాను. ఎక్కడో దూరంగా మెరుస్తున్న సన్నటి గీతను చూపించి, "అదిగో. ఇవాళ కాస్త దగ్గరికే వచ్చింది" అన్నాడు. వేళాకోళమో నిజమో తెలియలేదు. ఈ ఇంగ్లండులో మొహం చూసి ఏదీ తెలుసుకోలేం.

నేను విశాఖలో పుట్టి పెరిగినదాన్ని. ఎం.వి.పి. కాలనీలో మా మేడెక్కితే చాలు, సముద్రం కనబడుతుంది. అలాంటిది మాంచెస్టర్‌లో మా అమ్మాయి దగ్గరికొచ్చి నెలన్నరయ్యేసరికి ఏదో వెలితి పట్టుకుంది. "రైల్లో వెళ్ళి సాయంత్రానికి వచ్చెయ్యొచ్చు, నువ్వొక్కదానివే వెళ్ళమ్మా, ఏం కాదు" అని అది టికెట్ కొని నా ఫోన్లో పెట్టింది. ఎంతయిందో చెప్పలేదు. నేనే కూపీ లాగి, ఆ పౌన్లని రూపాయల్లోకి మార్చడానికి నూట అయిదుతో గుణించాను. ఆ డబ్బుతో విశాఖ నుంచి హైదరాబాద్ థర్డ్ ఏసీలో వెళ్ళొచ్చు, దారిలో కాఫీలకి కూడా మిగులుతుంది.

ఆ గీతకేసి తీసుకెళ్ళే పియర్, అంటే సముద్రంలోకి కట్టిన నడక వంతెన, ఒకటుంది. 1860 నాటిది, కిలోమీటరు పైనే పొడవు. దానికి 2022 డిసెంబర్‌లో తాళం వేశారు, నడిస్తే ప్రమాదమట. అంచేత సముద్రం గురించి నా దగ్గర ఇంతకు మించి లేదు. నేను చెప్పాలనుకున్నది వెళ్ళేటప్పుడు రైల్లో కలిసిన ఆవిడ సంగతి.

ఆక్స్‌ఫర్డ్ రోడ్ స్టేషన్‌లో ఎక్కాను. విగన్ వాల్‌గేట్ దాటి కాస్త పోయాక క్యాబేజీ చేల మధ్య రైలు ఆగిపోయింది. మైకులో ఏదో చెప్పారు. నలభై ఏళ్ళు ఇంగ్లీషు పాఠం చెప్పిన నాకే ఒక్క ముక్క అర్థం కాలేదు. పావుగంటయింది, అరగంటయింది. ఎదురు సీట్లో ఎనభై దాటిన ఒకావిడ ఏమీ పట్టనట్టు పదకేళి పూరిస్తోంది. నేను నాలుగోసారి కిటికీలోంచి తొంగిచూసేసరికి తల ఎత్తి, "కంగారు పడకు లవ్, ఎప్పుడూ ఇంతే" అంది.

లవ్! అరవై మూడేళ్ళ మనిషిని పట్టుకుని. ఈ ఉత్తరాది వాళ్ళు కొట్లో కుర్రాణ్ణీ, బస్సు డ్రైవర్నీ, ఎవర్నయినా అలాగే పిలుస్తారని తర్వాత మా అమ్మాయి చెప్పింది. అప్పుడు మాత్రం టెన్షనంతా పోయింది. ధైర్యం వచ్చి పులిహోర డబ్బా తీశాను. ఇంగువ వాసన బోగీ అంతా కమ్మేసింది. ఆవిడ గుడ్డు శాండ్‌విచ్ పక్కన పెట్టి, "అదేమిటి?" అంది. మూత మీద రెండు చెంచాలు వేసిచ్చాను. మిరపకాయ తీసెయ్యండి అని చెప్పేలోపే కొరికేసింది. ముక్కూ కళ్ళూ ఏకమైపోయాయి. నీళ్ళు తాగి, కళ్ళు తుడుచుకుని, మళ్ళీ మూత ముందుకు తోసింది. ఆ తర్వాత మాకిద్దరికీ మధ్య మొహమాటం ఏముంటుంది?

రిటైరయ్యాక ఏం చేస్తుంటావు అంటే, సాయంత్రం ఏడు నుంచి తొమ్మిదిన్నర దాకా సీరియల్స్ చూస్తానని నిజమే చెప్పాను. ఆవిడ పెన్ను మూసేసింది. "అయితే నీకు హిల్డా తెలియాలి."

నాకు తెలియదు. తెలియదంటే ఆవిడ ఊరుకోదు. రెండు చేతులూ నెత్తిమీద పెట్టి చూపించింది: ముందు జుట్టుకి రింగుల కోసం చుట్టుకునే రోలర్లు, వాటి మీంచి తలగుడ్డ, ఒంటికి పూల ఏప్రాన్. 'కొరొనేషన్ స్ట్రీట్' అనే సీరియల్లో హిల్డా ఆగ్డెన్. పదమూడో నంబరు ఇంట్లో ఉంటుంది, పబ్బులో నేల తుడుస్తుంది. మొగుడు స్టాన్. కిటికీ అద్దాలు తుడిచే పని, అది కూడా ఒళ్ళు వంగితేనే. వచ్చిన డబ్బులు బీరుకి. ఈవిడ పొద్దస్తమానం అతన్ని సాధిస్తుంది, వీధిలో ప్రతివాళ్ళ గుట్టూ లాగుతుంది, కీచు గొంతుతో పాటలు పాడుతూ తుడుస్తుంది.

"హీరోయిన్ పనిమనిషా?" అన్నాను.

"హీరోయిన్ అని ఎవరన్నారు?" అంది ఆవిడ. "హిల్డా అన్నాను."

ఇంట్లో గోడ నిండా కొండల బొమ్మ కాగితం అతికించి, ఎగిరే బాతుల బొమ్మలు మూడు దాని మీద తగిలించిందట. అందులో ఒక బాతు ఎప్పుడూ ముక్కు కిందికి వేలాడేసే ఉంటుంది. గోడ బొమ్మని మ్యూరల్ అంటారు కదా, హిల్డా మాత్రం 'మ్యూరియల్' అనేది. అది ఆడవాళ్ళ పేరు. అది చెప్పి ఆవిడ నవ్విన నవ్వుకి నాకు మా పెద్దత్తయ్య గుర్తొచ్చింది. బతికినన్నాళ్ళూ ఫ్రిజ్‌ని 'బ్రిజ్' అనే అంది, మేం నవ్వితే ఇంకోసారి గట్టిగా అనేది.

1987 క్రిస్మస్ రోజు రాత్రి హిల్డా వీధి వదిలి వెళ్ళిపోయిందట. పబ్బులో అందరి ముందూ యుద్ధకాలం నాటి వీడ్కోలు పాట పాడి మరీ వెళ్ళింది. మళ్ళీ వేసిన భాగం కూడా కలిపి రెండు కోట్ల అరవై లక్షల మంది పైగా చూశారని లెక్క. అప్పటికి ఆ దేశం జనాభా ఆరు కోట్లు కూడా లేదు. "మా ఇంట్లో పండక్కి వండిన టర్కీ కోడి చల్లారిపోయింది. మా ఆయన ఫుట్‌బాల్‌కి తప్ప ఏడవని మనిషి, లేచి బయటికెళ్ళిపోయాడు" అంది ఆవిడ.

హిల్డా వేషం వేసినావిడ పేరు జీన్ అలెగ్జాండర్. ఉండేది సౌత్‌పోర్ట్‌లోనే. పెళ్ళి చేసుకోలేదు. 2016 అక్టోబర్‌లో తొంభయ్యో పుట్టినరోజు అయిన మూడో రోజున అక్కడి ఆసుపత్రిలోనే పోయింది.

"మీరు చూశారా ఆవిణ్ణి?"

"ముప్ఫయ్యేళ్ళు ఒకే ఊళ్ళో ఉన్నాను లవ్, ఒక్కసారి కూడా కనబడలేదు." కాసేపాగి, "కనబడే ఉంటుంది. రోలర్లు లేకపోతే నేనేం గుర్తుపడతాను?" అంది.

రైలు కదిలింది. పార్బోల్డ్, బర్స్‌కో బ్రిడ్జ్, మియోల్స్ కాప్ అన్నీ ఆవిడ కబుర్లలోనే దాటిపోయాయి. దిగాక చెయ్యి ఊపి పోయింది. పేరు అడగడం మర్చిపోయాను.

ఇక సముద్రం సంగతి చెప్పాను కదా. మిగిలిన టైమంతా లార్డ్ స్ట్రీట్ మీద తిరిగాను. కొట్ల ముందు పొడుగునా ఇనప స్తంభాలు, పైన గాజు చూరు, వానొచ్చినా తడవకుండా నడవచ్చు. ఎదురొచ్చిన ప్రతి ముసలావిణ్ణీ తేరిపార చూశాను. జీన్ అలెగ్జాండర్ పోయి ఎనిమిదేళ్ళయిందని తెలిసీ చూశాను. పన్నెండు పౌన్లు పెట్టి చేపా బంగాళదుంప వేపుడూ తిన్నాను. చేప మంచిదే, కానీ ఉప్పూ కారం లేకుండా దానికి ఆ చావేమిటో. మా జాలరిపేట వంజరం వేపుడు ముందు ఇది పథ్యం.

రాత్రి మా అమ్మాయి ఫోన్లో జీన్ అలెగ్జాండర్ గురించి వెతికి చదువుతుంటే నేను గిన్నెలు సర్దుతూ విన్నాను. లివర్‌పూల్ పిల్ల. లైబ్రరీలో ఉద్యోగం. అది మానేసి 1949లో నాటక కంపెనీలో చేరి ఊరూరా వేషాలు వేసింది. 1962లో ఇదే సీరియల్లో చిన్న పాత్ర ఒకటి వేసి వెళ్ళిపోయింది. 1964 జూలైలో హిల్డాగా వచ్చింది, అప్పటికి ముప్ఫై ఏడేళ్ళు. ఆ రోలర్లు ఎవరో డిజైనర్ ఆలోచన అనుకున్నాను, కాదట. యుద్ధకాలంలో లివర్‌పూల్‌లో తూటాల ఫ్యాక్టరీల ఆడవాళ్ళు జుట్టుకి రోలర్లు చుట్టుకుని, పైన గుడ్డ కట్టుకుని పనికెళ్ళేవాళ్ళు. సాయంత్రం పని దిగాక ఎక్కడికైనా వెళ్ళాల్సొస్తే జుట్టు తయారుగా ఉండాలి కదా. అది చూసి గుర్తుపెట్టుకుని ఈవిడ హిల్డాకి పెట్టింది. పాపం హిల్డాకి వెళ్ళడానికి ఏ సాయంత్రమూ రాలేదు, ఇరవై మూడేళ్ళూ రోలర్లు అలాగే ఉండిపోయాయి.

1982లో ఒక సర్వే చేస్తే, దేశంలో జనం ఇట్టే గుర్తుపట్టే ఆడవాళ్ళలో రాణి, రాణి తల్లి, డయానా, నాలుగో స్థానం హిల్డాదట. "పనిమనిషి వేషానికా!" అంది మా అమ్మాయి. నేనూ అదే అనుకుంటున్నాను. మన సీరియల్స్‌లోనూ పనిమనిషి ఉంటుంది. కాఫీ కప్పులు తెస్తుంది, తలుపు చాటు నుంచి ఒక రహస్యం వింటుంది, పోతుంది. నిద్రలేచేసరికే పట్టుచీరా వడ్డాణమూ ఉన్నావిడ మీదే కెమెరా.

తర్వాత మా అమ్మాయి ఒక వీడియో పెట్టింది. స్టాన్ వేషం వేసిన బెర్నార్డ్ యూఎన్స్ 1984లో పోయాడు. ఆ బద్ధకపు మొద్దు స్టాన్ అసలు మనిషి మంచి గొంతున్న అనౌన్సరట. సీరియల్లో స్టాన్ కూడా చనిపోయాడని పెట్టారు. అంత్యక్రియలు అయిపోయాయి, హిల్డా ఇంట్లో ఒక్కతీ కూర్చుంది. బల్ల మీద ఆసుపత్రి వాళ్ళు ఇచ్చిన గోధుమరంగు కాగితం పొట్లం. అందులోంచి స్టాన్ కళ్ళజోడు పెట్టె తీసింది.

"ఆపెయ్యి" అన్నాను.

మా ఆయన పోయినప్పుడు మాకిచ్చింది పాలిథిన్ కవరు. వాచీ, చెప్పులు, కళ్ళజోడు. కళ్ళజోడుకి పెట్టె లేదు, కంగారులో ఇంట్లోనే వదిలేసి వెళ్ళాం. నాలుగేళ్ళయింది, ఆ రెండూ ఇంకా వేరే వేరే సొరుగుల్లో ఉన్నాయి. మా అమ్మాయి ఫోన్ బోర్లించి, మాట్లాడకుండా టీ పెట్టింది. ఆ సీను చేసినందుకు జీన్ అలెగ్జాండర్‌కి అవార్డు వచ్చిందని మర్నాడు చెప్పింది. ఇవ్వరూ మరి.

ఆ శనివారం నన్ను ఆ వీధి చూపించడానికి తీసుకెళ్ళింది. మీడియా సిటీ అనే చోట ట్రామ్ దిగి, వంతెన దాటితే అవతల సెట్. మామూలు రోజుల్లో షూటింగు, శని ఆదివారాల్లో మనలాంటి వాళ్ళు. టికెట్ మనిషికి ముప్ఫై పౌన్లకి పైమాటే. మూడు వేలు పోసి వీధి చూడ్డమేమిటే అంటే, "నువ్వే కదా వారం రోజుల నుంచి హిల్డా హిల్డా అంటున్నావు" అంది.

రాళ్ళు పరిచిన చిన్న వీధి, ఎర్ర ఇటుకల వరస ఇళ్ళు, మూల మీద పబ్బు. ఫోటోలు తీసుకునే వాళ్ళతో మన కనకమహాలక్ష్మి గుడి దగ్గర గురువారం లాగుంది. గైడు చకచకా కథలు చెబుతున్నాడు: 1960 డిసెంబర్ 9న మొదలు, కథ అల్లిన టోనీ వారెన్‌కి అప్పుడు ఇరవై నాలుగేళ్ళు, మొదటి రోజు కనిపించిన విలియం రోచ్ ఇప్పటికీ వేస్తూనే ఉన్నాడు. నేను మాత్రం పదమూడో నంబరు వెతుక్కుని తలుపు ముందు నిలబడ్డాను. ఆ గోడా, ఆ వంకర బాతూ లోపల ఉంటాయా అని అడిగాను. లోపల ఏమీ ఉండదు, ఇంటి లోపలి సీన్లన్నీ స్టూడియోలో తీస్తారట. పైగా హిల్డా నడిచిన వీధి ఇది కానే కాదు. అది ఊరి మధ్యలో క్వే స్ట్రీట్ దగ్గర ఉండేది. 2014 నుంచీ షూటింగ్ ఇక్కడ. అంటే ఒక వీధిలా కట్టిన సెట్టుకి నకలుగా కట్టిన సెట్టు ముందు, ఎప్పుడూ లేని మనిషి ఇంటి తలుపు పట్టుకుని నేను. అయినా ఇత్తడి నంబరు తడిమి చూసి, ఫోటో దిగాను. డబ్బు పోశాం కదా.

ఆదివారం పొద్దున్న విశాఖ నుంచి మా పనావిడ ఫోన్. మొక్కలకి నీళ్ళు పొయ్యడానికి తాళాలు ఆమె దగ్గరే ఉంటాయి. మోటారు పాడయిందనీ, మెకానిక్ అయిదువందలు అడుగుతున్నాడనీ చెప్పి, "ఏటమ్మా, ఏటేటి సూసినారు?" అంది. సముద్రం లేదని చెప్పాను, హిల్డా సంగతి చెప్పాను. పనిమనిషి ఇల్లు చూడ్డానికి మూడు వేలు ఇచ్చామంటే అవతల ఒకటే నవ్వు.

"మా ఇల్లయితే ఊరికే సూపిద్దును కదేటమ్మా. పద్దెనిమిదేళ్ళయింది, అరిలోవలోనే కదా. ఒక్కపాలైనా రానేదు మీరు."

మోటారుకి అయిదువందలు ఇచ్చెయ్యమన్నాను.