నాటిలస్ పాత ఎక్స్‌టెన్షన్‌ని .ఎస్ఓ.1 నుంచి .ఎస్ఓ.4కి మార్చిన నా అనుభవం

ఉబుంటు లినక్స్ 22.04 నుంచి 24.04కి మారితే ఫైల్ మేనేజర్ నాటిలస్ 42 నుంచి 46కి వెళ్తుంది. ఆ మార్పు తర్వాత, కుడి క్లిక్ మెనూలో మేం సీ భాషలో రాసుకున్న చిన్న ఎక్స్‌టెన్షన్ (నాటిలస్‌కి అదనపు పని చేర్చే ప్రోగ్రాం) వరుస కనిపించలేదు. ఎర్రర్ ఏమైనా వచ్చిందా అంటే అదీ లేదు.

నాటిలస్ కిటికీ మూసినా వెనకాల నడుస్తూనే ఉండొచ్చు. అందుకే ముందు టెర్మినల్లో నాటిలస్ మైనస్ క్యూ కొట్టి పూర్తిగా ఆపి, మళ్ళీ అక్కడి నుంచే నడిపాను. అప్పుడూ ఒక్క ముక్క కూడా రాలేదు. ప్రోగ్రాం సిస్టంని అడిగేవన్నీ చూపించే ఎస్‌ట్రేస్ పెట్టి, ఫైళ్ళు తెరిచే ఓపెన్‌యాట్ పిలుపులు చూస్తే సంగతి బయటపడింది. మా .ఎస్ఓ ఫైలు (ఎక్స్‌టెన్షన్‌ని కంపైల్ చేస్తే వచ్చే లైబ్రరీ ఫైలు) ఉన్నది ఎక్స్‌టెన్షన్స్-3.0 ఫోల్డర్లో. కొత్త నాటిలస్ తెరుస్తున్నది ఎక్స్‌టెన్షన్స్-4 ఫోల్డర్ని. పాత ఫోల్డర్ వైపు అది చూడనే చూడదు, ఇక ఎర్రర్ ఎక్కడి నుంచి వస్తుంది?

ఫైలుని కొత్త ఫోల్డర్లోకి కాపీ చేశాక మాత్రం, ఎక్స్‌టెన్షన్లు వాడుకునే నాటిలస్ లైబ్రరీ పాత వెర్షన్ లిబ్‌నాటిలస్-ఎక్స్‌టెన్షన్.ఎస్ఓ.1 దొరకలేదన్న మెసేజ్ వచ్చింది. ఫైలు లోపలి వివరాలు చదివే రీడెల్ఫ్ మైనస్ డీ పెడితే, కావాల్సిన లైబ్రరీలు చెప్పే నీడెడ్ వరుసల్లో ఆ పేరు, దాంతోపాటు కిటికీలు, బటన్లు గీసే జీటీకే3 లైబ్రరీ కనిపించాయి. ఈ పని ఎల్‌డీడీ కమాండ్‌తోనూ అవుతుంది, దొరకని లైబ్రరీ పక్కన నాట్ ఫౌండ్ అని కూడా చూపిస్తుంది. కానీ ఊరూ పేరూ తెలియని ఫైలు మీద ఎల్‌డీడీ వాడొద్దు. కొన్ని సందర్భాల్లో అది ఆ ఫైలులోని కోడ్‌ని నడిపేస్తుంది. రీడెల్ఫ్ చదివి ఊరుకుంటుంది.

ఇక్కడ చాలామంది చేసే పని .ఎస్ఓ.1 అనే పేరుతో కొత్త వెర్షన్ .ఎస్ఓ.4కి సిమ్‌లింక్ (ఒక పేరు ఇంకో ఫైలుని చూపే లింకు) పెట్టడం. దయచేసి ఆ పని చేయకండి. ఆ చివరి అంకె మారిందంటే ఫంక్షన్ల అమరిక మారిందని లైబ్రరీ రాసినవాళ్ళే చెబుతున్నట్టు. పైగా గ్నోమ్ డెస్క్‌టాప్ 43 నుంచి నాటిలస్ జీటీకే4 మీద నడుస్తోంది. పాత ఎక్స్‌టెన్షన్ తనతో జీటీకే3ని లాక్కొస్తుంది. రెండింటిలోనూ అవే టైపుల పేర్లు ఉంటాయి కాబట్టి ఒకే ప్రాసెస్‌లో రెండూ ఇమడవు. లింకు పెడితే మెనూ రాదు సరికదా, ఫైల్ మేనేజరే కూలిపోవచ్చు.

కాబట్టి మళ్ళీ కంపైల్ చేయాల్సిందే. లిబ్‌నాటిలస్-ఎక్స్‌టెన్షన్-డెవ్ ప్యాకేజీ వేసుకుని, లైబ్రరీల ఆనవాళ్ళు చెప్పే పీకేజీ-కాన్ఫిగ్‌కి లిబ్‌నాటిలస్-ఎక్స్‌టెన్షన్-4, జీటీకే4 అని రెండు పేర్లూ ఇచ్చాను. ఫైలు ఎక్కడ పెట్టాలో కూడా పీకేజీ-కాన్ఫిగ్‌నే ఎక్స్‌టెన్షన్‌డిర్ వేరియబుల్ అడిగి తెలుసుకోవాలి. బిల్డ్ నడిపే మీసన్‌ని దాని మానాన వదిలేస్తే యూఎస్ఆర్ లోకల్ కింద పెట్టేస్తుంది, మళ్ళీ అదే నిశ్శబ్దం.

కోడ్‌లో రెండు చోట్ల దెబ్బ తగిలింది. మెనూ వరుసలు ఇచ్చే గెట్ ఫైల్ ఐటమ్స్ ఫంక్షన్‌కి ఇదివరకు ప్రొవైడర్, విండో, ఫైళ్ళ జాబితా అని మూడు ఆర్గ్యుమెంట్లు వచ్చేవి. ఇప్పుడు విండో లేదు. అది తీసేయడం మరిచిపోతే కంపైలర్ వార్నింగ్ ఇచ్చి వదిలేస్తుంది. నడిచేటప్పుడు మాత్రం జాబితా పాయింటర్ విండో స్థానంలోకి, చెత్త విలువ జాబితా స్థానంలోకి వచ్చి, కుడి క్లిక్ చేయగానే క్రాష్. రెండోది, డైలాగ్ చూపించి జవాబు వచ్చేదాకా ఆగే జీటీకే డైలాగ్ రన్. జీటీకే4లో ఆ ఫంక్షనే లేదు. 24.04లోని జీసీసీ 13 కంపైలర్ దీన్నీ వార్నింగ్‌తోనే సరిపెడుతుంది, .ఎస్ఓ ఫైలు చక్కగా తయారవుతుంది. షేర్డ్ లైబ్రరీలో దొరకని సింబల్ (ఫంక్షన్ లాంటివాటి పేరు) ఉన్నా, ముక్కలు కలిపి ఫైలు కట్టే లింకర్ మామూలుగా పట్టించుకోదు మరి. లోడ్ అయ్యేటప్పుడో, ఆ మెనూ నొక్కినప్పుడో అన్‌డిఫైన్డ్ సింబల్ అంటూ బయటపడుతుంది. నేను డైలాగ్‌ని చూపించి, రెస్పాన్స్ సిగ్నల్‌కి వేరే ఫంక్షన్ తగిలించి దాన్ని సరిచేశాను. లింకర్‌కి మైనస్ జెడ్ డెఫ్స్ కూడా ఇస్తే ఇలాంటివి బిల్డ్ దగ్గరే ఆగిపోతాయి. ముందే ఇచ్చి ఉంటే ఒక పూట మిగిలేది.

ప్రాపర్టీస్ కిటికీలో సొంత పేజీ పెట్టే ఎక్స్‌టెన్షన్లకు పని ఇంకా ఎక్కువ. అక్కడ విడ్జెట్ (కిటికీలో కనిపించే భాగం) ఇచ్చే పద్ధతి పోయి, వివరాలు మాత్రమే ఇచ్చే ప్రాపర్టీస్ మోడల్ వచ్చింది. లొకేషన్ విడ్జెట్ ప్రొవైడర్‌నైతే పూర్తిగా తీసేశారు.

తయారైన ఫైలు మీద ఎల్‌డీడీ మైనస్ ఆర్ పెట్టి సింబల్స్ అన్నీ దొరుకుతున్నాయని చూసుకున్నాను. మన చేత్తో కట్టిన ఫైలే కదా, ఇక్కడ ఎల్‌డీడీ వాడినా భయం లేదు. తర్వాత నాటిలస్‌ని మళ్ళీ మైనస్ క్యూతో ఆపి లేపి, ప్రాక్ కింద దాని ప్రాసెస్ నంబరు ఫోల్డర్లో, లోడ్ అయిన లైబ్రరీలు కనిపించే మ్యాప్స్ ఫైలుని గ్రెప్‌తో వెతికాను. మా .ఎస్ఓ కనిపించింది, లిబ్‌జీటీకే-3 ఒక్క వరుసలో కూడా లేదు. పాత ఎక్స్‌టెన్షన్స్-3.0 ఫోల్డర్లోని ఫైలుని ఆ తర్వాతే తీసేశాను.