బల్ల మీద ప్రొజెక్టర్

అమెరికన్ ప్రయోగాత్మక సినిమా దర్శకురాలు బార్బరా హామర్ 1979లో ‘అవైలబుల్ స్పేస్’ అని ఒక ప్రదర్శన చేసింది. ప్రొజెక్టర్‌ని తిరిగే బల్ల మీద పెట్టి, బొమ్మని తెర మీంచి తప్పించి గోడల మీదకి తోలింది. అది చదివినప్పటి నుంచి నాకు చెయ్యి దురద.

నిన్న రాత్రి చేసి చూశా. చక్రాల స్టూలు, అరువు ప్రొజెక్టర్, నేను తీసిన మా అమ్మమ్మ చేతుల ఫుటేజి. స్టూలు తిప్పగానే ఆ చేతులు గోడ మూల దగ్గర విరిగి, బీరువా మీద వంగి, తలుపు సందులోంచి పక్క గదిలోకి వెళ్ళిపోయాయి. ఎడిటింగ్ టేబుల్ దగ్గర మూడు నెలలు కుస్తీ పట్టినా రాని కదలిక అది. సరిగ్గా అప్పుడే కేబుల్ కాలికి చుట్టుకుని స్టూలుతో సహా పడ్డాను. (ప్రొజెక్టర్ క్షేమం. మోకాలు సంగతి అడక్కండి.)

హామర్ పూర్తి నిడివి డాక్యుమెంటరీ ‘నైట్రేట్ కిసెస్’ 1992లో గానీ రాలేదు. అప్పటికి ఆవిడకి యాభై దాటాయి. ఈలోపు చిన్న సినిమాలు ఎన్ని తీసిందో! 2006లో క్యాన్సరని తేలితే ఆ చికిత్సనీ సినిమా చేసింది. పోయే ముందు ఏడాది, 2018లో, న్యూయార్క్ విట్నీ మ్యూజియంలో నిలబడి చావు గురించే ప్రసంగ ప్రదర్శన ఇచ్చింది.

“ఇంతకీ నువ్వు డైరెక్టరువా, ఆర్టిస్టువా?” అని చుట్టాలు అడిగినప్పుడల్లా నీళ్ళు నమిలేదాన్ని. గ్రాంటు ఫారంలోనూ అదే గడి, ఒక్కటే టిక్కు పెట్టాలట. ఈసారి రెండూ టిక్కు పెట్టి పంపించా. తిప్పి పంపితే పంపనీ.

ప్రొజెక్టర్ ఆదివారం దాకా నా దగ్గరే. ఇవాళ వంటింటి గోడ.