బౌన్ వీధి వెంట

ఫ్లషింగ్ గణపతి గుడికి తప్పకుండా వెళ్ళి రమ్మని మా చెల్లెలు విజయవాడలో విమానం ఎక్కేముందే నా దగ్గర మాట తీసుకుంది. వాళ్ళబ్బాయి ఉండేది న్యూయార్క్‌లోని క్వీన్స్‌లోనే కాబట్టి అదేమంత కష్టం కాదు. గుడి ఉన్నది బౌన్ స్ట్రీట్‌లో. ఆ బౌన్ ఎవరో, ఆ వీధి ఏం చూసిందో చదివిన దగ్గర్నుంచి నాకు గుడితో పాటు ఆ వీధి మీద కూడా మనసు పడింది. "పొద్దున్నే బయల్దేరదాంరా, గుడికి మధ్యాహ్నం వెళ్దాం" అన్నాను. "మీ ఇష్టం మామయ్యా, క్యాంటీన్ మూసేలోపు చేరితే చాలు" అన్నాడు మేనల్లుడు. వాడి పదేళ్ళ కూతురు కూడా మాతో వచ్చింది.

7వ నంబరు రైలు చివరి స్టేషన్ మెయిన్ స్ట్రీట్. మెట్లెక్కి పైకి వస్తే ఎటు చూసినా చైనా అక్షరాల బోర్డులు, మంచుగడ్డల మీద పరిచిన చేపలు, బుట్టల్లో కదులుతున్న పీతలు. ఆ సందడి దాటి నార్తర్న్ బౌలెవార్డ్‌కి వస్తే రోడ్డు పక్కన పాత చెక్క ఇల్లు ఒకటి ఉంది. 1694లో కట్టిన క్వేకర్ల ప్రార్థనా మందిరం అది. క్వేకర్లంటే ఒక క్రైస్తవ శాఖ. గోపురం లేదు, శిలువ లేదు. పక్కనుంచి బస్సులు పోతుంటాయి, ఎవరూ తలెత్తి చూడరు.

ఆ రోజు ఆదివారం. లోపలికి వెళ్ళి వెనక బెంచీ మీద కూర్చున్నాం. ఒకదానికొకటి ఎదురుగా వేసిన చెక్క బెంచీలు, పైన నల్లబడిన దూలాలు. పూజారి లేడు, పాట లేదు, పుస్తకం లేదు. అందరూ మౌనంగా కూర్చుంటారు. మాట్లాడాలని ఎవరికైనా లోపల్నుంచి అనిపిస్తే లేచి మాట్లాడతారు. చాలాసేపటికి ఒకావిడ లేచి, ఆసుపత్రిలో ఉన్న తన పొరుగింటామె గురించి నాలుగు మాటలు చెప్పి కూర్చుంది. మళ్ళీ మౌనం. మైకులూ గంటలూ లేని ప్రార్థన నాకు అలవాటు లేదు. అయినా ఆ గంటసేపు నా మనసు ఎక్కడికీ పోలేదు. చివర్లో పక్కవాళ్ళతో చేతులు కలిపి లేచారు. ఒక పెద్దాయన మమ్మల్ని వెనక ఉన్న శ్మశానానికి తీసుకెళ్ళాడు. పాత సమాధులకి రాళ్ళే లేవు. చచ్చిపోయాక కూడా ఒకరు గొప్ప, ఒకరు తక్కువ అని కనిపించకూడదని ఆ తరాలవాళ్ళు రాళ్ళు పెట్టుకోలేదట.

బతికున్నప్పుడూ అంతే. అధికారి ముందు టోపీ తీయరు, ప్రమాణం చేయరు, పాదిరీని ఒప్పుకోరు. పాలకులకి వాళ్ళంటే పడకపోవడంలో వింత లేదు. 1650లలో ఈ ప్రాంతం న్యూ నెదర్లాండ్ అనే డచ్చి వలస. ఫ్లషింగ్‌లో ఉన్నది మాత్రం ఎక్కువగా ఇంగ్లీషు కుటుంబాలు. గవర్నర్ పీటర్ స్టైవెసెంట్ డచ్చి సంస్కరణ చర్చి తప్ప మరో ఆరాధన బహిరంగంగా జరగడానికి వీల్లేదన్నాడు. రాబర్ట్ హాడ్జ్‌సన్ అనే క్వేకరు యువకుణ్ణి దారుణంగా కొరడాలతో కొట్టించాడు. క్వేకరుకి ఇంట్లో చోటిస్తే జరిమానా అన్నాడు.

1657 డిసెంబర్ 27న ఫ్లషింగ్ వాళ్ళు 30 మంది దాకా కలిసి గవర్నరుకి ఒక మహజరు రాశారు. సంతకాలు పెట్టినవాళ్ళలో క్వేకర్లు లేరు. నన్ను ఇంత దూరం నడిపించింది ఆ ఒక్క సంగతే. తమ మతం కోసం జైలుకి వెళ్ళినవాళ్ళు ప్రతి దేశంలోనూ ఉన్నారు. పక్కవాడి మతం కోసం తమ ఇల్లూ ఉద్యోగమూ పణంగా పెట్టినవాళ్ళు ఎందరున్నారు? ప్రేమ, శాంతి, స్వేచ్ఛ అనే ధర్మం యూదులకీ తురుష్కులకీ ఈజిప్షియన్లకీ కూడా వర్తిస్తుందని, వాళ్ళూ ఆదాము బిడ్డలేనని అందులో రాశారు. ఎవరైనా ప్రేమతో మా గడపకి వస్తే వాళ్ళ మీద చెయ్యి చేసుకోవడానికి మా అంతరాత్మ ఒప్పుకోదన్నారు. అప్పట్లో తురుష్కులంటే ముస్లింలు. ఈ మాటలు రాసిన ఊరి గుమాస్తా ఎడ్వర్డ్ హార్ట్‌ని జైల్లో పెట్టారు, గవర్నరుకి అందించిన షరీఫ్ టోబయస్ ఫీక్ ఉద్యోగం ఊడింది.

అక్కడి నుంచి బౌన్ ఇంటికి నడిచాం. దారిలో యూనియన్ స్ట్రీట్‌లో 1811 నాటి సంఘం వాళ్ళ మాసిడోనియా చర్చి ఉంది. అది నల్లజాతివాళ్ళ మెథడిస్టు చర్చి. ఇంకేదీ తమది అని చెప్పుకోలేని కాలంలో నల్లవాళ్ళకి తమ సొంతమైన చోటు చర్చి ఒక్కటే. 1955లో అలబామాలోని మాంట్‌గోమరీలో, బస్సుల్లో వర్ణవివక్షకి నిరసనగా నల్లవాళ్ళు మొదలుపెట్టిన బస్సుల బహిష్కరణని కొనసాగించాలన్న నిర్ణయం తీసుకున్నదీ ఒక చర్చిలోనే. ముందు నిలబడిన మార్టిన్ లూథర్ కింగ్ ఉద్యోగం పాస్టర్. అమెరికాలో మతాన్నీ పౌరజీవితాన్నీ విడదీసి చూడాలనుకునేవాళ్ళు ఇలాంటి గుమ్మం ముందు కాసేపు ఆగాలి.

జాన్ బౌన్ ఇల్లు 1661 ప్రాంతంలో కట్టింది. పలకల గోడలు, బాగా వాలుగా దిగిన కప్పు, చుట్టూ చిన్న తోట. ఆ పక్కనే అపార్ట్‌మెంట్లు. లోపలికి వెళ్ళే వీలు ఆ రోజు లేదు, కంచె బయటి నుంచే చూశాం. ముందు క్వేకర్లలో కలిసింది బౌన్ భార్య హానా. ఆవిడ వెంట వెళ్ళి, చెట్ల కింద ప్రార్థన చేసుకుంటున్నవాళ్ళని చూసి, మా ఇంటికి రండని పిలిచాడాయన. 1662లో పట్టుకెళ్ళారు. జరిమానా కట్టనన్నాడు. ఓడెక్కించి హాలండ్ పంపేస్తే అక్కడ ఆ వలసకి యజమాని అయిన వెస్టిండియా కంపెనీ ముందే వాదించుకున్నాడు. 1663లో కంపెనీ స్టైవెసెంట్‌కి ఉత్తరం రాసింది: ఇతర శాఖలవాళ్ళు రాకపోతే మాకూ సంతోషమే, కానీ మరీ కఠినంగా ఉంటే జనం రారు, కాబట్టి చూసీ చూడనట్టు పోనివ్వు, ఎవరి మనస్సాక్షినీ బలవంతపెట్టకు. వ్యాపారి లెక్క, మనిషి మర్యాద రెండూ ఒకే ఉత్తరంలో ఉన్నాయి. అమెరికా మతస్వేచ్ఛ తర్వాత కూడా చాలాసార్లు ఇలాగే ముందుకి నడిచింది.

మతస్వేచ్ఛకి హామీ ఇచ్చే అమెరికా రాజ్యాంగపు మొదటి సవరణ ఫ్లషింగ్ మహజరు నుంచే పుట్టిందని కొందరు అంటారు. అంత సూటిగా గీత గీయలేం అని నా అభిప్రాయం. 1791లో ఆ సవరణ వచ్చాక కూడా అది కట్టడి చేసింది కేంద్రాన్నే, రాష్ట్రాలని కాదు. మసాచుసెట్స్‌లో చర్చికి ప్రజల పన్ను సొమ్ము వెళ్ళడం 1833 దాకా ఆగలేదు.

బౌన్ ఇంటి నుంచి అదే వీధిలో తిన్నగా 20 నిమిషాలు నడిస్తే గుడి గోపురం కనిపిస్తుంది. 1970లో ఏర్పడ్డ సంఘం, ఒకప్పటి రష్యన్ ఆర్థొడాక్స్ చర్చి స్థలాన్ని కొని కట్టిన గుడి ఇది. ప్రతిష్ఠ జరిగింది 1977 జూలై 4న, అంటే సరిగ్గా అమెరికా స్వాతంత్ర్య దినాన. 2022లో నగరం ఈ వీధి భాగానికి గణేశ్ టెంపుల్ స్ట్రీట్ అని ఇంకో పేరు కూడా పెట్టింది.

దర్శనం అయ్యాక మనవరాలి చేతికి ఒక డాలరు ఇచ్చి హుండీలో వెయ్యమన్నాను. అది నోటుని అటూ ఇటూ తిప్పి, "దీని మీద దేవుణ్ణి నమ్ముతున్నాం అని ఉంది తాతా, ఏ దేవుణ్ణి?" అంది. ఆ మాట 1956లో జాతీయ నినాదమైంది. అంతకు రెండేళ్ళ ముందు, 1954లో, పిల్లలు రోజూ బడిలో చెప్పే జెండా ప్రతిజ్ఞలో దేవుడి పేరు చేర్చారు. రష్యాతో ప్రచ్ఛన్నయుద్ధం నడుస్తున్న రోజులు, దేవుణ్ణి నమ్మని కమ్యూనిస్టులతో తమకున్న తేడా చూపించుకోవాలన్న తాపత్రయం. కానీ ఇక్కడికి ఎంతో దూరంలో లేని న్యూ హైడ్ పార్క్‌లో, బళ్ళో ప్రభుత్వం రాసిన 22 మాటల ప్రార్థన చదివించడం మీద కొందరు తల్లిదండ్రులు కోర్టుకెక్కితే, 1962లో సుప్రీంకోర్టు వాళ్ళ పక్షాన తీర్పు చెప్పింది. నోటు మీద దేవుడు ఉండొచ్చు, బడిలో సర్కారు ప్రార్థన ఉండకూడదు. ఈ రెండూ ఎలా కుదురుతాయో అక్కడివాళ్ళే ఇంకా వాదించుకుంటున్నారు. మనవరాలికి మాత్రం, "నీ ఇష్టం వచ్చిన దేవుణ్ణి అనుకోమ్మా" అన్నాను.

నన్ను ఎక్కువ ఆలోచింపజేసింది గుడి నడిచే తీరు. మన దగ్గర పెద్ద గుడి అంటే దేవాదాయ శాఖ, ఈవో, ప్రభుత్వం వేసే పాలకమండలి. అమెరికాలో సర్కారు గుడి పాలన జోలికి రాదు, పూజలకి డబ్బివ్వదు. గుడైనా, మసీదైనా, చర్చైనా ఆ మనుషులే చందాలు పోగుచేయాలి, లెక్కలు చూపాలి, నగరం వాళ్ళ దగ్గర పార్కింగ్ పర్మిషన్ తెచ్చుకోవాలి. మేనల్లుడు ఇండియాలో ఏ ఎన్నికల్లోనూ నిలబడలేదు, ఏ మీటింగులోనూ నోరు విప్పలేదు. ఇక్కడ గుళ్ళో వాలంటీరుగా చేరాక వీధి సమస్య మీద నగర కౌన్సిల్ సభ్యుడి ఆఫీసుకి వెళ్ళి మాట్లాడి వచ్చాడు. కొత్తగా వచ్చినవాళ్ళని అమెరికన్లని చేసే బడి ఇదేనని నాకనిపించింది.

అంతా సాఫీగా ఏమీ లేదు. 2000 సెప్టెంబర్‌లో వాజ్‌పేయి అమెరికా కాంగ్రెస్‌లో ప్రసంగానికి వచ్చిన రోజున ఒహాయోలోని పార్మా గుడి పూజారి సముద్రాల వెంకటాచలపతి ప్రతినిధుల సభలో ప్రార్థన చేశారు. ఒక హిందూ పూజారి ఆ సభలో ప్రార్థన చేయడం అదే మొదలు. 2007లో సెనేట్‌లో మొదటిసారి హిందూ ప్రార్థన మొదలవగానే గ్యాలరీలోంచి కొందరు అరిచి అడ్డుపడ్డారు. పోలీసులు వాళ్ళని బయటికి తీసుకెళ్ళారు, ప్రార్థన పూర్తయింది.

ఫ్లషింగ్ గుడికి మనవాళ్ళు చాలామంది కారులో వచ్చి, దర్శనం చేసుకుని, కింద క్యాంటీన్‌లో దోశ తిని వెళ్ళిపోతారు. ఈసారి వెళ్ళేవాళ్ళు మెయిన్ స్ట్రీట్‌లో రైలు దిగండి. ముందు క్వేకర్ల మందిరం, తర్వాత బౌన్ ఇల్లు చూసి, ఆ వీధి వెంటే గుడికి నడవండి. ఇంటి లోపల కూడా చూడాలంటే ఏ రోజు తెరుస్తారో ముందుగా కనుక్కుని వెళ్ళండి.