హార్మోనియం తిత్తి చప్పుడు

ఇవాళ భీమిలిలో షూటింగ్. హీరోకి మేనత్త వేషం, రెండే డైలాగులు. లొకేషన్‌లోనే గొంతు రికార్డు చేస్తున్నారని తెలిసి నిన్నటి నుంచీ సంతోషంగా ఉంది. పదేళ్ల పాటు సీరియళ్లలో నా మొహానికి ఇంకెవరో డబ్బింగ్ చెప్పారు. ఆ బాధ ఇంకా పోలేదు.

షాట్ ఓకే అయ్యాక సౌండ్ ఇంజనీరు "ఆంబియన్స్ తీసుకుంటున్నా, ఎవరూ కదలొద్దు" అన్నాడు. అర నిమిషం అందరం ఊపిరి బిగబట్టి నిలబడ్డాం. కెరటాల హోరు, దూరంగా ఓ కాకి. మాటల మధ్య అతుకు తెలియకుండా ఎడిటింగ్‌లో ఆ చప్పుడే పరుస్తారు. షూటింగ్ మొత్తంలో నాకిష్టమైన అర నిమిషం అదే.

సాయంత్రం ఇంటికొచ్చి మాస్టారి గ్రామఫోన్ ప్లేట్లు ముందేసుకున్నాను. మొత్తం తొమ్మిది, ఎక్కువగా నాటకం పద్యాలు. ద్వారం వెంకటస్వామి నాయుడుగారి వయొలిన్ కూడా ఒకటుంది. మన వైజాగ్‌లో పెరిగిన మనిషి వాయించింది కదా, దాన్ని ఆదివారం తీరిగ్గా విందామని దాచుకున్నాను.

వైజాగ్ చెమ్మకి కవర్లు మెత్తబడి బూజు పట్టాయి. ఇవి లక్కతో చేసినవి, స్పిరిట్ తగిలితే కరుగుతాయి. ఒకదాన్ని ఎవరో అలాగే తుడిచేశారు, అంచు దగ్గర గాడి మాసిపోయింది. చూస్తే ప్రాణం ఉసూరుమంది. డిస్టిల్డ్ వాటర్‌లో చుక్క సోపు కలిపి, లేబుల్ తడవకుండా, మెత్తటి బ్రష్‌తో గాడి వెంటే తిప్పుతూ కడిగాను. ఎల్పీ ముల్లు, అంటే తర్వాత వచ్చిన లాంగ్‌ప్లే రికార్డుల ముల్లు, వీటికి సరిపోదు. ఈ గాడి వెడల్పు, సన్నముల్లు అడుగుకి దిగి గరగరలాడుతుంది. అందుకే లావుముల్లు వేశాను.

ముందు దుర్యోధనుడి పద్యం పెట్టాను. 78 స్పీడులో, అంటే నిమిషానికి 78 చుట్లు తిప్పితే, రారాజు గొంతు కీచుగా వచ్చింది. అన్నీ సరిగ్గా ఆ వేగంతోనే రికార్డు చేసినవి కావు మరి. నా హార్మోనియంతో పోల్చుకుంటూ వేగం తగ్గించి అర శ్రుతి దించితే అప్పుడు నిండుగా పలికాడు. స్టేజీ మీదైతే ఆ రాగం ఎంతసేపు లాగేవాడో! ఒక పక్కకి పట్టేది మూడు నిమిషాలే. ఆఖరి పాదం గబగబా ముగించి గుక్క తిప్పుకోవడం వినిపిస్తోంది. డైలాగు అయ్యాక నేనూ అలాగే తిప్పుకుంటాను.

పద్యానికి ముందు, గరగరల మధ్య, హార్మోనియం తిత్తి ఒక్కసారి హుస్సుమంది. గరగర తగ్గించే సాఫ్ట్‌వేర్ పెడితే అదీ పోయింది. అందుకని ప్లేటు నుంచి కంప్యూటర్లోకి 24 బిట్, 96 కిలోహెర్ట్జ్‌లో, అంటే సన్న చప్పుడు కూడా పోకుండా, తీసిన మొదటి ఫైలుని ముట్టుకోకుండా రెండు డ్రైవుల్లో దాచాను.

మాస్టారు ఫోన్ చేశారు. "ఏటమ్మా, పలుకుతోందా?"

ఫోన్‌లోనే వినిపించాను. చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత, "మొదట్లో ఆ హుస్సుమన్నదేటి?"

"హార్మోనియం తిత్తి, మాస్టారూ. కావాలంటే తీసేస్తాను."

"వద్దమ్మా, ఉండనీ. మా అయ్య హార్మోనియం పెట్టె వాయించినట్టే ఉంది."

ఇంకా ఎనిమిదున్నాయి. రేపు షూటింగ్ లేదు.