వంటింట్లోంచి వినేవాళ్ల కోసం

సీరియల్‌కి మాటలు రాయడానికీ సినిమాకి రాయడానికీ తేడా ఏంటని బంధువులు అడుగుతుంటారు. నా మటుకు పెద్ద తేడా ప్రాంప్టింగ్. తెలుగు సీరియల్ హీరోయిన్లలో చాలామందిది కర్ణాటక. అసిస్టెంట్ డైరెక్టర్ కెమెరా పక్కన నిలబడి డైలాగ్ అందిస్తుంటే విని, వెంటనే అంటారు. అసలు గొంతు తర్వాత డబ్బింగ్‌లో వస్తుంది. అందుకే పొడుగు వాక్యం రాస్తే కుదరదు. ఎక్కడ ఊపిరి తీసుకోవాలో చూసుకుని, అక్కడ విరిచి రాస్తాను. పొద్దున షూటింగ్ అంటే సీన్ పేపర్ ముందు రాత్రే వెళ్లిపోవాలి.

ఈ పనిలో నేను మళ్లీ మళ్లీ వెళ్లేది ముళ్ళపూడి వెంకటరమణ గారి దగ్గరికే. ఆంధ్రపత్రికలో పనిచేస్తూ సినిమా సమీక్షలు రాసినాయన. హాస్యానికి పేరు. అలాంటాయన 1962లో ‘రక్తసంబంధం’తో సినిమా మాటలు మొదలుపెట్టారు. అది అన్నాచెల్లెళ్ల కన్నీళ్ల కథ. ‘నువ్వు కామెడీ రైటర్‌వి, సెంటిమెంట్ వేరేవాళ్లు రాస్తారు’ అని ఒక ఆఫీసులో నన్ను పక్కన పెట్టినప్పుడు నాకు ధైర్యమిచ్చింది ఆ సంగతే. తర్వాత బాపు గారితో కలిసి ఈటీవీకి భాగవతం కూడా చేశారు కాబట్టి టీవీ ఆయనకు పరాయిది కాదు.

1975లో వచ్చిన ‘ముత్యాల ముగ్గు’ గురించి మాత్రం కాస్త ఆగి చెప్పాలి. అందరికీ గుర్తుండేది రావు గోపాలరావు గారి కాంట్రాక్టరు. అతను అంతంత మాట్లాడతాడు. నింద పడ్డ ఇల్లాలు మాత్రం దాదాపు మాట్లాడదు. ఆవిడ బాధ బాపు గారి ఫ్రేములో, ఇషాన్ ఆర్య ఛాయాగ్రహణంలో కనిపిస్తుంది కాబట్టి మాటలతో పనిలేదు. ఎవరికి మాటలివ్వాలో, ఎవరికి ఇవ్వకూడదో తెలియడమే నాకు ఆ స్క్రిప్టులో గొప్పగా తోస్తుంది.

మాకు ఆ వీలుండదు. ‘ఆడవాళ్లు వంటింట్లోంచి వింటారు, అన్నీ చెప్పించండి’ అంటారు ఛానెళ్లలో. నిజమే, మా అమ్మ తాలింపు వేస్తూ వింటుంది. కానీ ముత్యాల ముగ్గు డైలాగులు ఎల్పీ రికార్డులుగా కూడా వచ్చాయి. బొమ్మ లేకుండానే జనం ఆ కాంట్రాక్టరుని గుర్తుపట్టారంటే కారణం ఆ పలుకు. వినేవాళ్ల కోసమే రాయాలంటే అన్నీ చెప్పించడం కాదు, ఎవరి పలుకు వారికి ఉండాలి. మా సీరియల్స్‌లో అత్తా కోడలూ పనిమనిషీ ఒకే తెలుగు మాట్లాడతారు. కళ్లు మూసుకుంటే ఎవరు ఎవరో తెలియదు. ‘న్యూట్రల్‌గా రాయండి’ అన్న మాట మీద నాకు నిజంగా కోపం.

ఎంతో వాదిస్తే ఇప్పటి సీరియల్‌లో వంటమనిషి పాత్ర ఒక్కదానికి ఉత్తరాంధ్ర యాస ఒప్పుకున్నారు. డబ్బింగ్ చెప్పే ఆవిడది బొబ్బిలి వైపు. నా పేపర్ చూసి, ‘మా దగ్గర ఇలగనరండీ’ అని రికార్డింగ్ ఆపించి మరీ ఫోన్ చేస్తుంది. ఆవిడ చెప్పినట్టే మార్చి పంపిస్తాను.